ఆఖరి చెవి

ఫోన్‌లో ఈ కామెంట్రీవాడి నోరు పడిపోను, మళ్ళీ "లిబరో" అనే అన్నాడు. "లిబరో దొర్లి లేపింది, ఆహా, ఏం లేపిందండీ" అన్నాడు, ఎవరో చెప్పలేదు. పేరు చెప్పరా నాయనా, పేరు. వాలీబాల్‌లో నెట్‌కి ఇటుపక్క ఒక్కతే వేరే రంగు చొక్కా వేసుకుని వెనక వరసలోనే తిరుగుతుంటుంది, నేలని తాకబోయే ప్రతి బంతికీ అడ్డంపడి పైకి లేపడమే దాని పని, వీపు మీద నంబరుంటుంది, వీడి ముందున్న కాగితంలో ఆ నంబరు పక్కన అమ్మానాన్న పెట్టిన పేరుంటుంది. అది చదవడానికి వీడికి బద్ధకం. మధ్యాహ్నం ఆ ఊళ్ళో తిన్న పంది పక్కటెముకల గురించి మాత్రం మొదటి సెట్‌లో సగంసేపు చెప్పాడు, సాస్ ఎంత తియ్యగా ఉందో, వేళ్ళు ఎలా నాక్కున్నాడో. ఆ నాకుడు చప్పుడు మైకులో చేసి కూడా వినిపించాడు. ఛీ. పొద్దున కాగితంలో చుట్టుకొచ్చిన కొలాచీ రొట్టె ఒళ్ళోనే ఉండిపోయింది, మధ్యలో పెట్టిన ఆలూబుఖారా ముద్ద ఎండి నల్లబడింది, దాన్ని చూస్తే వాడి వేళ్ళే గుర్తొచ్చి కిటికీలోంచి విసిరేశాను. కాకికూడా రాలేదు దానికోసం.

ట్రక్కు కదలదు. ధాన్యం గోదాము ముందు వరస హైవే దాకా పాకింది, తేమ చూసే యంత్రం మొరాయించిందట, ఒక్కొక్క బండికీ యుగం పడుతోంది. రేపు వాన అంటున్నారు, ఎల్లుండీ వానే అంటున్నారు, అందుకని కౌంటీలో కోత మిషన్ ఉన్న ప్రతివాడూ ఈ శనివారమే కోస్తున్నాడు. మా ఆయన వెర్న్ చేలో మిషన్ మీద, నేను వెనక మొక్కజొన్న నింపుకుని ఈ ట్రక్కులో, మా అమ్మాయి టెస్ పక్క రాష్ట్రంలో, ఆటలాడే ఒక జిమ్ హాల్లో. జిమ్‌లో ఎక్కడుందో నాకు తెలియదు. కోర్టులో ఉందా, బెంచీ మీద ఉందా. నాకు కావాల్సింది అదొక్కటే, ఎవరు గెలిస్తే ఎవరిక్కావాలి. కాదు, అబద్ధమెందుకు, గెలవాలి, కానీ ముందు అది తెలియాలి. పోయిన ఏడు ఇదే నెలలో, మా కాలేజీ జిమ్‌లోనే, నా కళ్ళముందే, బంతి కోసం ఒరిగినప్పుడు దాని మోకాల్లో టప్పుమంది. నేను కూర్చున్నచోటికి వినిపించింది. అంతదూరం వినపడదంటాడు వెర్న్. నాకు వినపడింది. ఆపరేషన్, చంకల్లో కర్రలు, చలికాలమంతా మా వసారా మెట్ల మీద ఎక్కడం దిగడం మళ్ళీ మొదటినుంచి. ఇంకోసారి తెగితే ఆట మాట దేవుడెరుగు, నడక సంగతి చూసుకోవాల్సి వస్తుందన్నాడు డాక్టరు. దాని చోటులోకి బ్రిన్ అనే పిల్ల వచ్చింది, టెస్ కంటే రెండేళ్ళు చిన్న, బాగా ఆడుతుంది, నెమ్మదైన పిల్ల, దాన్ని తిట్టుకోవడానికి కూడా నాకు ఏ సాకూ దొరకలేదు. టెస్‌కి కాలేజీలో ఇది ఆఖరి ఏడు, ఇవాళ్టిదాకా బెంచీ మీదే. పొద్దున మెసేజ్ పెట్టింది, ఇవాళ నేనే ఆడతానేమో అమ్మా, కోచ్ వార్మప్ అయ్యాక చెప్తుందట, ఫోన్లు లోపల పెట్టేయాలి, నువ్వు విను అని. విను అంది కదా, వింటున్నాను. పక్కటెముకల సాస్ వింటున్నాను.

అసలు ఈ యాప్ పాలబడాల్సిన ఖర్మ నాకేమిటి. మా ఊరి రేడియో స్టేషన్ ఉంది, ఏళ్ళ తరబడి మా కాలేజీ వాలీబాల్ అంతా అందులోనే వచ్చింది, బయటి ఊళ్ళో ఆడినా సరే మనిషిని పంపేవాళ్ళు. ఇప్పుడు శనివారం సాయంత్రం అందులో ఫుట్‌బాల్ కోచ్‌గారు కూర్చుని నిన్న ఎందుకు ఓడిపోయాడో చెప్తున్నాడు. ఓడిపోయినవాడికి గంటసేపు రేడియో, గెలుస్తున్న ఆడపిల్లలకి యాప్. ఆ యాప్‌లో అక్కడ బంతి నేలని తాకిన దాదాపు నిమిషానికి నా చెవిన పడుతుంది, ఈలోగా పది ప్రకటనలు, తిరుగుతూనే ఉండే ఒక గుండ్రటి గుర్తు, మీరింకా వింటున్నారా అని ఒక ప్రశ్న. లేదు, చచ్చిపోయాను. సర్లే, రేడియోలో పక్క రాష్ట్రం వాళ్ళ స్టేషనైనా పట్టుకుందామంటే ఈ ట్రక్కుకి యాంటెన్నా లేదు. మొన్న వెర్న్ గింజలెత్తే గొట్టం కిందనుంచి చూసుకోకుండా తోలి విరగ్గొట్టాడు, దాని మొండికి తీగ చుట్టి, వస్తుందిలేవే అన్నాడు. గరగర తప్ప ఏమొచ్చింది.

గ్లెన్ హ్రుష్కా ఉంటే ఈ గతి పట్టేదా. నా చిన్నప్పుడు మా కామెంట్రీ ఆయన, ఎండాకాలంలో విత్తనాలమ్మేవాడు, చలి మొదలైతే మైకు పట్టుకునేవాడు. ప్రతి సెట్ ముందూ మెల్లగా, మీ రేడియోకి ఎడంచేతి వైపు మన పిల్లలు, కుడిచేతి వైపు వాళ్ళు అని కోర్టు మొత్తం మన వంటింట్లో పరిచేవాడు. అంతే, మా అమ్మ భోజనాల బల్లమీద ఉన్నవన్నీ సర్దేసేది. ఉప్పు డబ్బా సర్వీసు చేసే పిల్ల, కెచప్ సీసా నెట్ దగ్గర పొడుగమ్మాయి, చక్కెర గిన్నె వెనక వరసలో బంతి లేపే పిల్ల. సర్వీసు మారిందంటే బల్లమీద అన్నీ ఒక్కో చోటు జరగాల్సిందే, ఆట అయ్యేదాకా ఎవరూ ముట్టుకోకూడదు. నాన్న ఉప్పులేని బంగాళాదుంపలు తిన్నాడు గానీ ఏనాడూ కిక్కురుమనలేదు. ఒకసారి మా చిన్నాన్న కాఫీలోకని చక్కెర గిన్నె తీస్తే, అది వెనక వరసలో ఉందిరా, పెట్టు అక్కడ అని అమ్మ చెయ్యిమీద కొట్టింది. కళ్ళు మూసుకుంటే ఆ జిమ్‌లో దీపాలు కూడా కనబడేవి నాకు, ఆ జిమ్ నేనప్పటికి చూడనేలేదు. టెస్ తొమ్మిదేళ్ళప్పుడు మిషన్ల షెడ్డు గోడకి బంతి కొట్టుకుంటూ, తనకి తనే గ్లెన్ గొంతుతో చెప్పుకునేది, ఎడం మూల, వెనక వరస, టెస్ సెడ్లాచెక్, లేపేసింది అని. గోడ అవతల నేను కుక్కకి గిన్నె కడుగుతూ వినేదాన్ని. ఆ పిల్లకి తెలుసు, చెప్పేవాడు ముందు పేరు చెప్పాలని. తొమ్మిదేళ్ళ పిల్లకి తెలిసింది మైకు పట్టుకున్న ఈ గాడిదకి తెలియదు.

ఇప్పుడు నా ముందు బల్ల లేదు, డాష్‌బోర్డుంది. మొక్కజొన్న గింజలు వరసగా పెట్టి, లిబరో కోసం సీటు కింద దొరికిన సోయా గింజ ఒకటి పెట్టాను. గింజలు జరుపుతూనే ఉన్నాను, సోయా గింజ మాత్రం ఎవరో తెలియకుండా వెనక వరసలో అటూ ఇటూ తిరుగుతోంది. బ్రిన్ అయితే బాగుండుననీ, టెస్ అయితే బాగుండుననీ ఒకేసారి అనిపిస్తోంది. అవతల జోడీన్‌కీ ఇదే అవస్థ. జోడీన్ బ్రిన్ వాళ్ళమ్మ, పడమట ఇసుక దిబ్బల్లో, ఏ స్టేషనూ అందని చోట వాళ్ళ పశువుల మంద, ఆమెకీ ఈ దిక్కుమాలిన యాప్ తప్ప గతిలేదు. మా పిల్లలిద్దరూ ఒకే చొక్కా కోసం పోటీ, మేమిద్దరం మాత్రం ఆట మొదలైందంటే మెసేజ్‌ల మీద మెసేజ్‌లు. టెస్ ఆపరేషన్ అయినప్పుడు రెండు పూటలకి సరిపడా కూర వండి, మంచులో బండి తోలుకుంటూ మా ఇంటికొచ్చింది. ఇందాక రాసింది, నీదా నాదా అని. తెలియట్లేదు, వాడు చెప్పి చావట్లేదు అని రాశాను. వాడి పక్కటెముకలు వాడి గొంతులో అడ్డంపడ అని రాసింది. పొద్దున్నించీ నవ్వింది అక్కడే.

మొదటి సెట్ మనవాళ్ళదే. లైట్లు ఆర్పి వెలిగించాను, వరస మొత్తం హారన్లు మోగించింది. అలా మోగించడానికి మా దగ్గర ఒక నియమం ఉంది, పెట్టింది నేనే. మూడేళ్ళ కింద లీగు ఫైనల్ రోజు, ఇదే వరసలో, ఆఖరి పాయింటు పడగానే ఈ ముందు బండిలో ఉన్న డెల్మర్ వోస్ హారన్ నొక్కి పట్టుకున్నాడు, మాలో సగంమందికి అప్పటికింకా ఆ పాయింటు రానేలేదు. ఊపిరి బిగబట్టి కూర్చున్న వాళ్ళందరి నోట్లో మట్టికొట్టాడు. దిగి వెళ్ళి నోటికొచ్చినట్టు తిట్టాను. అప్పటినుంచీ అందరికంటే ఆలస్యంగా వినేవాళ్ళు ఎవరో వాళ్ళు లైట్లు వెయ్యాలి, వేసేదాకా ఎవరూ హారన్ ముట్టుకోకూడదు, నోరెత్తకూడదు, కనీసం మొహంలో కూడా తెలియనివ్వకూడదు. ఆఖరి చెవి అంటారు దాన్ని. ఇవాళ ఆఖరి చెవి నేనే. డెల్మర్ ఏం వింటున్నాడో నాకు తెలియదు, ఆ ఫుట్‌బాల్ కోచ్ సొల్లు అయ్యుంటుంది, అందరూ మోగిస్తే తనూ మోగిస్తాడు. మా నాన్న ఈడు మనిషి, నన్నింకా పిల్లా అనే పిలుస్తాడు. పొగాకు నములుతూ, కాఫీ తాగిన అట్టగ్లాసులోనే ఉమ్ముతాడు, ఆ గ్లాసు డాష్‌బోర్డు మీద నెలల తరబడి ఉంటుంది. ఒకసారి వానలో ఆయన బండెక్కి ఇంటికొచ్చి, రెండురోజులు నా కోటు వసారాలోనే ఆరేశాను. ఇదుగో, ఇక్కడికి కూడా కనబడుతోంది ఉమ్మడం, తల వంచడం, గ్లాసు ఎత్తడం. తూ.

రెండో సెట్ దగ్గర దగ్గరగా నడుస్తోంది. గింజలు జరుపుతున్నాను. డెల్మర్ గ్లాసు ఎత్తబోయి మధ్యలో ఆగాడు. టోపీ తీశాడు, మళ్ళీ పెట్టుకున్నాడు. అద్దంలోంచి నా బండికేసి చూసి, నేను చూస్తున్నానని తెలియగానే చూపు తిప్పేశాడు. ఏమైంది ఈ ముసలాయనకి అనుకున్నాను, కోచ్‌ని ఉద్యోగంలోంచి పీకేశారేమో అనుకున్నాను. మనవాళ్ళ సర్వీసు, అటునుంచి గట్టిగా కొట్టారు, బ్లాకుకి తగిలి పక్కకి పోయింది, లిబరో పరిగెత్తింది అంటున్నాడు వీడు, ప్రకటనల బోర్డుదాకా పరిగెత్తింది అంటున్నాడు, అని ఆగాడు. జిమ్ మొత్తం ఆగింది. జనం మూగబోతే వచ్చే ఆ హోరు నాకు తెలుసు, పోయిన ఏడు దాని మధ్యలో కూర్చున్నాను. "అయ్యో, లిబరో లేవడం లేదండీ, మోకాలు పట్టుకుంది" అన్నాడు. పేరు చెప్పరా. "ఇది మాత్రం బాగాలేదు, ఇప్పుడే వచ్చేస్తాం" అన్నాడు, అంతే, పందుల దాణా ప్రకటన. పిల్లల గొంతులతో పాట, వెనకాల పందుల గుర్గుర్‌మనడం, మా దాణా తింటే మీ పంది నవ్వుతుందట. నా కూతురు నేలమీద ఉంటే నా చెవిలో పంది నవ్వుతోంది. అయిపోయింది అనుకునేసరికి అదే ప్రకటన మళ్ళీ మొదటినుంచి. ఇంత అసహ్యం ఈ లోకంలో ఎవరు కనిపెట్టారో, కూర్చోబెట్టి జీతమిచ్చి ఎవరు చేయించారో. సోయా గింజ మీద నా వేలుంది, వేలు తీయడానికి భయమేసింది.

డెల్మర్‌కి తెలుసు. అప్పుడు వెలిగింది నాకు. టోపీ తీసింది అందుకే. ఆయనది పాత బండి, గెడకర్రంత యాంటెన్నా, రాష్ట్రం సరిహద్దు దాటి అవతలి స్టేషన్ దర్జాగా పట్టుకుంటుంది, ఆయన వింటున్నది నిమిషం ముందు జరిగింది కాదు, ఇప్పుడు జరుగుతున్నది. తలుపు తీసి దూకాను. కంకరలో బూటు మెలిపడింది. నేను రావడం అద్దంలో చూశాడు మహానుభావుడు, చూసి ఏంచేశాడు, గబుక్కున రేడియో కట్టేశాడు. కట్టేసి, కిటికీ దించి, నాకేమీ తెలియదన్నట్టు మొహం పెట్టాడు, చర్చిలో కానుకల పళ్ళెం వచ్చినప్పుడు పెట్టినట్టు. నా చెవిని కాపాడుతున్నాడట.

"పెట్టండి అది."

"నీకింకా రాలేదు కదా పిల్లా. వచ్చాక విందువుగాని."

"డెల్మర్, పెట్టండి."

"రూలు నువ్వే పెట్టావు. నన్ను ఊరందరి ముందూ తిట్టావు."

నేనేమన్నానో నాకు గుర్తులేదు. అని ఉండకపోవచ్చు కూడా, మొహం చూసే అర్థమైనట్టుంది, ఒంగి ఇటువైపు తలుపు తీశాడు. ఎక్కాను. ఆ కంపు మీద పడింది, తడి పొగాకు, కుక్క, పాత నూనె, ఆ గ్లాసు నా మోకాలికి ఆనుకునే ఉంది. ఆయన వేలు మీట మీద ఉండగానే, ఇవాళ ఆడుతున్న లిబరో ఎవరో తెలుసా మీకు అని అడిగాను. మొదటి సెట్ నుంచీ తెలుసు, నీ యాప్‌వాడు చెప్పే ఉంటాడనుకున్నాను అన్నాడు. మీట తిప్పాడు.

అవతలివాళ్ళ కామెంట్రీ ఆయన గొంతు. శత్రువు గొంతు. తొందర లేదు, సాస్ లేదు, తగ్గించి మాట్లాడుతున్నాడు, జబ్బు మనిషి ఉన్న గదిలో మాట్లాడినట్టు. "బ్రిన్ ష్రేడర్‌ని లేపుతున్నారు. కుడి కాలు నేలకి ఆనించడం లేదు. రెండువైపులా భుజాలు పట్టుకున్నారు, మొహం తువ్వాలులో దాచుకుంది పిల్ల. మీ రేడియోకి ఎడం చేతి వైపు తలుపు గుండా తీసుకెళ్తున్నారు." బ్రిన్. బ్రిన్ అన్నాడు.

"అమ్మయ్య" అన్నాను నేను.

పైకే అన్నాను. నవ్వాను కూడా, నవ్వు కాదది, ఏదో ఒకటి, నోరు మాత్రం తెరుచుకుంది, పళ్ళు చల్లగాలికి తగిలాయి. "నీది కాదు పిల్లా, నీది కాదు" అని డెల్మర్ నా భుజం తట్టాడు. రేడియోలో ఆయన, పోయిన ఏడు మోకాలి ఆపరేషన్ అయ్యాక ఇదే మొదటిసారి, టెస్ సెడ్లాచెక్ ఆ చొక్కా వేసుకుంటోంది, నిలబడి చప్పట్లు కొడుతున్నారు మావాళ్ళు కూడా అన్నాడు. పేరు. గంటనుంచీ దేనికోసం చచ్చానో ఆ పేరు, ఎంత శుభ్రంగా పలికాడో, సెడ్లాచెక్ అన్నది మా బంధువులు కూడా అంత సరిగా పలకరు. డెల్మర్ కళ్ళు తడిశాయి, చెయ్యి హారన్ మీదికి పోయింది. ఆ చెయ్యి చూశాను, గోళ్ళకింద పొగాకు పసుపు. దాన్ని చూస్తే కంపరమెత్తాలి, ఎత్తలేదు. అంతకంటే ముందే నా నోరు చూసి ఎత్తింది. ఒక పిల్ల ఒంటికాలి మీద తలుపు దాటుతుంటే అమ్మయ్య అన్న నోరు. మంచులో కూర మోసుకొచ్చిన మనిషి కూతురు. ఆ యాప్‌వాడు నయం, వాడికి బద్ధకం ఒక్కటే.

జేబులో ఫోన్ గుర్రుమంది. జోడీన్. "నీకు ప్రకటనలు అయిపోయాయా? నాకింకా పందులే. నీదా నాదా? దేవుడా, నీది కాకూడదు, మళ్ళీ నీది కాకూడదు."

మళ్ళీ నీది కాకూడదు అని రాసింది. ఆ దిబ్బల మధ్య ఒక్కతే, వంటింట్లో, కూతురి మోకాలు ఎప్పుడో పోయింది, ఆమెకింకా పోలేదు, ఇంకో పంది నవ్వేదాకా పోదు. ఆ తర్వాత ఆ సాస్ నాకినవాడు చెప్తాడు, అయ్యో పాపం లిబరో అని చెప్తాడు, పేరు ఉంటుందో ఉండదో.

"హారన్ మీంచి చెయ్యి తియ్యండి" అన్నాను.

"నీకు వచ్చేసిందిగా. లైట్లు నేను వేస్తాలే."

"ఆఖరి చెవి నాది కాదు, డెల్మర్."

చెయ్యి తీసి ఒళ్ళో పెట్టుకున్నాడు. మళ్ళీ సర్వీసు మొదలవుతోందంటున్నాడు రేడియోలో ఆయన, కొత్త లిబరో వెనక వరసలో ఎడం మూల, బంతి ఆమె వైపే కొడతారు చూడండి, మోకాలు పరీక్షిస్తారు అంటున్నాడు. ఏడాదిగా దీనికోసమే కదా. షెడ్డు గోడ నుంచీ దీనికోసమే కదా. విజిల్ వేశారు. చెయ్యి చాచి మీట తిప్పి రేడియో కట్టేశాను, డెల్మర్ గ్లాసు తీసి తన కాళ్ళ దగ్గర పెట్టుకున్నాడు. జోడీన్‌కి ఫోన్ చేశాను. మొదటి రింగుకే ఎత్తింది. ఆమె వెనకాల, దూరంగా, పిల్లల గొంతుల పాట, పందులు.

"జోడీన్, అది కట్టెయ్. వాణ్ణి చెప్పనివ్వకు. నేను చెప్తాను."

పాట ఆగింది. కుర్చీ లాక్కున్న చప్పుడు.

"కూర్చున్నాను" అంది. "చెప్పు."